నా మోకాళ్ళ క్షేమసమాచారాలు

నేను బహ్రెయిన్‌లో మనుషులకి గుడ్ మార్నింగ్ చెప్పే ఉద్యోగం చేస్తున్నాను. కాగితాల్లో సెక్యూరిటీ గార్డు అని ఉంటుంది కానీ, అమ్వాజ్‌లో మా టవరు నుంచి ఎవరూ ఏదీ ఎత్తుకుపోరు. ఎత్తుకుపోదామన్నా గేటుకి ఒక కార్డు కావాలి, లిఫ్టుకి ఒక కార్డు కావాలి, పార్కింగుకి ఇంకో కార్డు కావాలి. అన్ని కార్డులు సంపాదించగల దొంగ ఏదో ఒక ఫ్లాటు అద్దెకి తీసుకుని అక్కడే మర్యాదగా బతికేస్తాడు. అందుకని పాలరాతి హాల్లో బల్ల వెనక నిలబడి, వచ్చేవాళ్ళకీ పోయేవాళ్ళకీ గుడ్ మార్నింగ్, గుడ్ ఈవినింగ్ చెప్పడమే నా డ్యూటీ. మధ్యాహ్నం పూట ఏం చెప్పాలో సూపర్‌వైజరు నేర్పలేదు. ఆ వేళ తలాడించి ఊరుకుంటాను.

తిరిగి చెప్పేవాళ్ళు తక్కువ. చెవుల్లో తెల్లటి బుడిపెలు పెట్టుకుని, గాలిలోకి చేతులు తిప్పుతూ, ఎక్కడో ఉన్న ఎవరితోనో మాట్లాడుకుంటూ వెళ్ళిపోతారు. కొత్తలో వాళ్ళు నాతోనే మాట్లాడుతున్నారనుకుని రెండు మూడుసార్లు జవాబు కూడా చెప్పాను. ఒకావిడ ఆగి, బుడిపె తీసి, "నీతో కాదు" అన్నట్టు వేలు ఊపి, మళ్ళీ బుడిపె పెట్టుకుని లిఫ్టెక్కింది. ఆవిడ నాతో జరిపిన వ్యవహారం ఇప్పటికీ అంతే.

డెలివరీ వాళ్ళు తెచ్చిన సంచులు నా బల్ల మీదే పెడతారు. దాదాపు అన్నీ ఒక్కరికి సరిపడా సంచులే. ఒకే అంతస్తులో ఎదురెదురు తలుపుల వాళ్ళిద్దరు, ఒకే హోటల్ నుంచి ఒకే బిర్యానీ ఒకే వేళకి విడివిడిగా తెప్పించుకుంటారు. కిందికి ఒకేసారి దిగుతారు. ఎవరి సంచి వాళ్ళు పట్టుకుని, ఒకే లిఫ్టులో, ఒకరి సంచి ఒకరు చూడకుండా, అంతస్తుల అంకెల వైపు భక్తిగా చూస్తూ పైకి వెళ్ళిపోతారు. రెండు బిర్యానీలు కలిపి ఒక టేబుల్ మీద పెట్టుకుంటే పోయేదేముందో నాకు అర్థం కాదు. అర్థం చేసుకోవడం నా డ్యూటీలో లేదు కూడా.

ఒకసారి మేనేజ్‌మెంటు వాళ్ళకి ఈ జనం ఒకరితో ఒకరు మాట్లాడుకోవడం లేదని దిగులు పట్టుకుంది. స్విమ్మింగ్ పూల్ పక్కన ఇరుగుపొరుగు సాయంత్రం అని ఏర్పాటు చేశారు. బెలూన్లు, సమోసాలు, రంగురంగుల జ్యూసులు. ప్రతివాళ్ళూ ఫ్లాటు నంబరు రాసిన స్టిక్కరు గుండెల మీద అంటించుకోవాలి. వచ్చినవాళ్ళు స్టిక్కరు అంటించుకుని, సమోసా తీసుకుని, తలో మూలా నిలబడి ఫోన్లు చూసుకున్నారు. ఎవరో ఆ సాయంత్రం ఫోటో తీసి టవరు గ్రూపులో పెట్టగానే, అక్కడ నిలబడ్డవాళ్ళందరూ ఆ ఫోటోకి ఎర్ర గుండెలు పంపించారు. మిగిలిన సమోసాలు నేనూ, పూల్ శుభ్రం చేసే నేపాలీ అతనూ తిన్నాం. అతని భాష నాకు రాదు, నాది అతనికి రాదు. "అచ్ఛా హై" అన్నాడతను. "అచ్ఛా హై" అన్నాను నేను. ఆ సాయంత్రం అక్కడ జరిగిన సంభాషణల్లో పొడుగైనది అదేననుకుంటాను.

వాళ్ళని చూసి నవ్వడానికి నాకేం అర్హత లేదు. నువైద్రాత్‌లో కంపెనీ ఇచ్చిన గదిలో మేం ఆరుగురం ఉంటాం. మంచం మీద మంచం. ఒక్కొక్కరూ తమ మంచం చుట్టూ దుప్పటి కట్టుకుని, ఆ దుప్పటి లోపల ఫోను వెలుగులో ఎవరి దేశంలో వాళ్ళు ఉంటారు. తెలుగువాణ్ణి నేనొక్కణ్ణే. మిగతావాళ్ళతో నా హిందీ అంతా నీళ్ళు, లైటు, గ్యాసు, ఈ మూడింటి చుట్టూ తిరుగుతుంది. నీళ్ళు వచ్చాయా అని అడగగలను, లైటు ఆర్పమని చెప్పగలను. దిగులుగా ఉందని హిందీలో ఎలా చెప్పాలో తెలియదు. ఇంటికి ఫోను చేస్తే అన్నయ్య "తిన్నావా" అంటాడు. "తిన్నాను. నువ్వు?" అంటాను. "తిన్నాను" అంటాడు. ఇద్దరం తిన్నామని తేలిపోయాక ఇంక చెప్పుకోవడానికి ఏమీ ఉండదు.

మా టవరు లిఫ్టులో ఒక ఆడగొంతు ఉంది. తలుపులు తెరుచుకుంటున్నాయని, మూసుకుంటున్నాయని ఇంగ్లీషులో చాలా మర్యాదగా చెబుతుంది. ఒకరోజు నేనొక్కణ్ణే పైకి వెళ్తుండగా అది ఏదో అంది. నేను "ఆయ్" అన్నాను. మా గోదావరి వాళ్ళకి ఎవరైనా పెద్దవాళ్ళు ఏమన్నా ముందు నోట్లోంచి వచ్చే మాట అది. అవునా కాదా అన్నది తరవాత తీరిగ్గా ఆలోచించుకుంటాం. కానీ లిఫ్టుకి ఆయ్ అన్నవాణ్ణి మా వంశంలో నేనే మొదటివాణ్ణి అయి ఉంటాను. ఆ రోజు నాకు నిజంగా భయం వేసింది. నాకు కావలసింది పెద్దదేం కాదు. ఎలా ఉన్నావని ఎవరైనా నన్ను నా భాషలో అడగాలి. అడిగి, నేను జవాబు చెప్పేదాకా ఆగాలి. అంత చిన్న కోరిక ఇంత పెద్ద టవరులో తీరే దారి కనిపించలేదు.

ఆ వారంలోనే ఒక మధ్యాహ్నం సామాను లిఫ్టు దగ్గర తెలుగు వినిపించింది. యాభై దాటిన ఒకావిడ, పెద్ద స్టీలు గిన్నె రెండు చేతులా పట్టుకుని, మూసి ఉన్న తలుపులతో తగువు పెట్టుకుంటోంది.

"నువ్వు దిగవు, నేను ఎక్కను. ఈ లోపు పెరుగు కాస్తా పులిసిపోద్ది."

బల్ల వదిలిపెట్టి వెళ్ళకూడదని రూలు. వెళ్ళాను.

"మనోళ్ళేనా అండి?"

ఆవిడ గిన్నె నేల మీద పెట్టేసింది. మహూజ్‌లో ఒక ఇంట్లో పని చేస్తుందట. ఆ రోజు వాళ్ళ మేడమ్ చెల్లెలి ఇంట్లో విందుకి సాయం చెయ్యడానికి వచ్చింది. ఇది ఆవిడ తన గురించి చెప్పిన మొత్తం సమాచారం. ఆ తరవాత ప్రశ్నలన్నీ నావైపే.

"ఏ ఊరు బాబూ?"

"కోనసీమండి."

"కోనసీమలో ఎక్కడ?"

"అమలాపురం దగ్గరండి."

"దగ్గరంటే ఎంత దగ్గర?"

ఆవిడది నరసాపురం వైపు. అంటే ఏటికి అటువైపు వాళ్ళు. మామూలుగా అయితే ఏటికి ఇటు వాళ్ళం అటువాళ్ళని కాస్త తక్కువగా చూస్తాం, వాళ్ళూ మమ్మల్ని అలాగే చూస్తారు. సముద్రం మధ్య దీవిలో కలుసుకున్నప్పుడు ఆ పట్టింపు పెట్టుకోవడం కుదరలేదు. లిఫ్టు రెండుసార్లు వచ్చి, తలుపులు తెరిచి, ఇంగ్లీషులో చెప్పాల్సింది చెప్పి వెళ్ళిపోయింది. ఈ లోపు మేం ఎంతమంది అన్నదమ్ములం, నాకింకా పెళ్ళెందుకు కాలేదు, ఎవరి వంట ఎవరు చేసుకుంటున్నాం, అన్నీ తెలుసుకుంది. కంపెనీ వాళ్ళు ఇన్నేళ్ళుగా నా గురించి ఇంత సంపాదించలేదు.

"ఒక్కడివే ఉంటన్నావా?" అంది.

"గదిలో ఆరుగురం అండి."

"అదే బాబూ. ఒక్కడివే ఉంటన్నావా అని."

ఆవిడ గిన్నె ఎత్తుకుంది.

"శుక్రారం మా ప్రార్థన కూటానికి వచ్చెయ్యి. వేన్ పంపిత్తారు."

"మేం హిందువులం అండి."

"నేనేమన్నా నీ మతం అడిగానా? అందరూ తెలుగే మాట్లాడతారు. అయ్యాక బోయినం పెడతారు."

"ఆయ్" అన్నాను.

శుక్రవారం వేన్ వచ్చింది. నడిపే అతను కరీంనగర్ వైపు మనిషి. ఎక్కగానే చెయ్యి కలిపాడు.

"కొత్తగ వచ్చినవా అన్నా దుబాయికి?"

"ఇది బహ్రెయిన్ కదండి."

"గదే, దుబాయి" అన్నాడు. ఆయన లెక్కలో అరేబియా అంతా ఒకటే ఊరు, మనం ఏ వాడలో దిగామన్నదే తేడా.

కూటం ఒక అద్దె హాల్లో జరుగుతుంది. మాకన్నా ముందు మలయాళీలు, మా తరవాత ఫిలిప్పీన్స్ వాళ్ళు. దేవుడు పరలోకంలో ఎలా ఉన్నా, ఇక్కడ మాత్రం ఆయన టైము ప్రకారం భాషలు మార్చుకోవాలి. ప్లాస్టిక్ కుర్చీలు మేమే వేసుకుని మేమే తీసేయాలి. వరసలో కూర్చున్నాక పాట మొదలైంది. పాటలో దేవుడు మా ఇంటి దేవుడు కాకపోయినా క్రియాపదాలు మావే. నెలల తరబడి చెవిలో నీళ్ళుండిపోయి ఒక్కసారిగా బయటికి పోతే ఎలా ఉంటుందో అలా అనిపించింది. కళ్ళు తుడుచుకున్నాను. పక్కాయన అది పరిశుద్ధాత్మ పని అనుకుని నా వీపు నిమిరాడు.

అప్పుడు పాస్టరుగారు, "మోకాళ్ళూని ప్రార్థన చేసుకుందాం" అన్నారు.

ఏదో పాటలో చరణంలాంటిదనుకున్నాను. అంతలో హాలంతా ఒక్కసారిగా కిందికి దిగిపోయింది. పిల్లలు, ఆడవాళ్ళు, కారు డ్రైవర్లు, ఇళ్ళల్లో పనిచేసేవాళ్ళు, ఆఫీసుల్లో పనిచేసేవాళ్ళు, అందరూ మోకాళ్ళ మీద ఉన్నారు. నేనొక్కణ్ణే జమీందారులా కుర్చీలో మిగిలాను. మాలో దేవుడికి దండం పెట్టాలంటే నిలబడతాం, మొక్కు పెద్దదైతే నేల మీద బోర్లా పడుకుంటాం. మధ్యలో ఆగడం నాకు అలవాటు లేదు. దిగుదామా వద్దా, దిగితే ఏ కాలు ముందు పెట్టాలి, వేరే మతం వాణ్ణి దిగితే తప్పవుతుందా, దిగకపోతే తప్పవుతుందా అని ఆలోచించేలోపు ప్రార్థన అయిపోయింది.

లేచి కుర్చీలో సర్దుకుంటూ పిన్నిగారు నా వైపు జాలిగా చూసింది. అప్పటికే ఆ గిన్నె ఆవిడని పిన్నిగారూ అని పిలవడం మొదలుపెట్టాను.

"మోకాళ్ళ నొప్పులా బాబూ?"

"ఆయ్" అన్నాను.

అవునా కాదా అని ఆలోచించుకునే వ్యవధి ఈసారి నాకు దొరకలేదు. పాస్టరుగారు ప్రార్థన మనవులు ఉన్నవాళ్ళు చెప్పండి అన్నారు. అంటే ఎవరికి ఏ కష్టం ఉన్నా లేచి చెబితే మిగతావాళ్ళందరూ దాని కోసం ప్రార్థన చేస్తారు. ఒకాయన వీసా గురించి చెప్పాడు. ఒకావిడ ఊళ్ళో కూతురి కాన్పు గురించి చెప్పింది. పిన్నిగారు లేచింది.

"మన మధ్యకి కొత్తగా ఒక తమ్ముడొచ్చాడండి. నిండా ముప్పై రెండేళ్ళు లేవు. మోకాళ్ళు వంగటం లేదు. నిలబడి చేసే ఉజ్జోగం. చూసేవాళ్ళెవరూ లేరు."

హాలంతా "అయ్యో" అంది. అంతమంది ఒకేసారి నా గురించి అయ్యో అనడం నేను పుట్టాక మొదటిసారి. పాస్టరుగారు నన్ను లేవమన్నారు. ఏం చెయ్యను, లేచాను. మామూలుగా లేస్తే బాగుండదని ముందు కుర్చీ పట్టుకుని, కొంచెం ఆగి, కొంచెం ఓర్చుకుని లేచాను. నా మోకాళ్ళ మీద చేతులు పెట్టి ప్రార్థన చేశారు. నా వంతు కుర్చీలు తీసెయ్యడం తప్పింది, బిర్యానీలో పెద్ద ముక్క వచ్చింది.

అప్పటిదాకా నా ఫోనుకి మెసేజీలు పంపేది టెలిఫోను కంపెనీ ఒక్కటే. కూటం వాట్సాప్ గ్రూపులో నన్ను చేర్చిన మర్నాటి నుంచి పొద్దున్నే గులాబీలు, జలపాతాలు, ఉదయిస్తున్న సూర్యులు, వాటి మీద వాక్యాలు, కింద నా మోకాళ్ళ ప్రస్తావన. ‘బ్రదర్ గారి మోకాళ్ళు లేడి కాళ్ళవలె అగును గాక.’ ‘ఆమెన్.’ ‘ఆమెన్ ఆమెన్.’ ‘బ్రదర్, వంకాయ తింటున్నారా? మానేయండి.’ బల్ల వెనక నిలబడి ఒక్కొక్కటీ చదువుకునేవాణ్ణి. అందరూ నా గురించి అడుగుతున్నారు. ఏదో ఒకటి జవాబు రాస్తే దానికి మళ్ళీ జవాబు వస్తోంది. చెప్పడానికి సిగ్గుగా ఉంది కానీ, ఆ రోజుల్లో నేను చాలా సంతోషంగా ఉన్నాను.

తరవాతి శుక్రవారం ఒక నర్సమ్మగారు నన్ను పక్కకి కూర్చోబెట్టి మోకాలి చిప్ప చుట్టూ వేలితో నొక్కింది.

"ఇక్కడ నొప్పా?"

"ఆయ్."

"ఇక్కడ?"

"ఆయ్."

"ఇంతమేరా ఉంటే కష్టమే" అని తల పంకించింది. వేడి నీళ్ళ కాపడం పెట్టమంది. వెనక వరసలోంచి ఒకాయన వేడి కాదు, ఐసు పెట్టాలన్నాడు. ఆ వారమంతా గ్రూపులో వేడి వర్గం, ఐసు వర్గం తయారయ్యాయి. ఎవరి అనుభవాలు వాళ్ళు రాశారు. కొంతమంది వాయిస్ మెసేజీలు పెట్టారు. చివరికి పాస్టరుగారు కలగజేసుకుని, పొద్దున వేడి, సాయంత్రం ఐసు అని తీర్పు చెప్పి సంఘంలో శాంతి సమాధానాలు నిలబెట్టారు. నేను రెండూ పెడుతున్నానని రాశాను. నా గదిలో వేడి నీళ్ళూ లేవు, ఐసూ లేదు.

వేన్ నడిపే అన్న నాకు ముందు సీటు కేటాయించాడు. "ముందల కూసో అన్నా, కాళ్ళు మంచిగ చాపుకో" అనేవాడు. వెనక సీట్లలో జనం ఒకరి ఒళ్ళో ఒకరు కూర్చునేవాళ్ళు. నేను కాళ్ళు చాపుకుని సముద్రం చూసుకుంటూ వెళ్ళేవాణ్ణి. ఒకసారి మాత్రం దిగేటప్పుడు నన్ను పరీక్షగా చూశాడు.

"పోయిన వారం కుడి కాలు గదన్నా కుంటింది?"

నేను వంగి నా ఎడమ కాలు చూసుకున్నాను. వెనక నుంచి పిన్నిగారే అందుకుంది.

"వాతం బాబూ. ఓ చోట ఉండదు. తిరుగుతా ఉంటది."

అప్పటి నుంచి వారం వారం కాలు మార్చుకునే సౌకర్యం కలిగింది. ఎవరో బట్టతో చేసిన పట్టీ తెచ్చి నా మోకాలికి తొడిగారు. అది వేసుకునే డ్యూటీకి వెళ్ళాను. కూటం వాళ్ళు ఎవరైనా అటుగా వస్తే బాగుండదని టవరులోనూ కుంటాను. ఆశ్చర్యం ఏమిటంటే, అక్కడా పని చేసింది. ఎప్పుడో వేలు ఊపిన ఆ మేడమ్ లిఫ్టు దగ్గర ఆగి ఒక చెవి బుడిపె తీసి, కాలికేమైందని అడిగింది. బుడిపె తీసిందంటే అది మామూలు విషయం కాదు. అయితే రెండో చెవి నాకు దక్కలేదు. నేను జవాబు మొదలుపెట్టేసరికి తలుపులు మూసుకున్నాయి.

వీటన్నిటి కన్నా నాకు ఇష్టమైనది మంగళవారం. వారంలో ఆ రోజు మధ్యాహ్నం పిన్నిగారి మేడమ్ పిల్లల్ని బడి నుంచి తీసుకుని అట్నుంచి అటే వాళ్ళ పుట్టింటికి వెళ్ళి చాలాసేపు ఉంటుందట. ఆ వేళకి నేను సర్వీసు మెట్ల మీద కూర్చుని డబ్బా విప్పుకుంటాను. ఫోను మోగుతుంది.

"మోకాళ్ళు ఎలా ఉన్నాయి బాబూ?"

నేను మొదలుపెట్టేవాణ్ణి. పొద్దున లేవగానే పట్టేసినట్టుందండి, కాస్త నడిచాక సర్దుకుందండి, మెట్లెక్కుతుంటే మాత్రం లోపల కలుక్కుమందండి. ఎప్పుడూ లేని నొప్పి గురించి అన్ని వివరాలు నాకు ఎక్కడి నుంచి దొరికేవో తెలియదు. మోకాళ్ళ నుంచి గదిలో ఉక్కపోతకి వచ్చేవాణ్ణి, ఉక్కపోత నుంచి సూపర్‌వైజరు దగ్గరికి, అక్కడి నుంచి అన్నయ్య దగ్గరికి. ఆవిడ అవతల ఏదో కలుపుకుంటూ, ఏదో తరుగుకుంటూ, "ఊఁ... ఊఁ..." అంటూ వినేది. నా డబ్బాలో అన్నం ఎండిపోయేది. "సరే బాబూ, మళ్ళీ మంగళారం" అని పెట్టేసేది. మెట్ల మీద నుంచి లేచేటప్పుడు నా ఒళ్ళు తేలిగ్గా ఉండేది. కుంటడం మరిచిపోకుండా జాగ్రత్తపడాల్సి వచ్చేది.

ఇలా హాయిగా గడిచిపోయేదే కానీ, జనానికి ప్రార్థన మీద నమ్మకం ఉంటుంది కదా. నమ్మకం ఉన్నవాళ్ళు ఫలితం కోసం చూస్తారు. నాతో పాటు చెప్పుకున్న కష్టాలన్నీ తీరిపోతున్నాయి. వీసా వచ్చింది, కాన్పు సుఖంగా అయింది. నా మోకాళ్ళు మాత్రం ఎక్కడివక్కడే ఉన్నాయి. పాస్టరుగారు వరసగా మూడు శుక్రవారాలు నా కోసం ప్రత్యేక ప్రార్థన అని ప్రకటించారు. మూడో శుక్రవారం సాక్ష్యాలు. సాక్ష్యం అంటే మేలు పొందినవాళ్ళు లేచి అందరి ముందూ చెప్పడం. ఆ ప్రకటన విన్నప్పుడు నాకు చెమటలు పట్టాయి. మేలు పొందితే నా పని అయిపోయినట్టే. బాగైనవాడి మోకాళ్ళ గురించి ఎవరడుగుతారు? మళ్ళీ టెలిఫోను కంపెనీ, మళ్ళీ లిఫ్టు.

మొదటి శుక్రవారం తగ్గలేదన్నాను. రెండో శుక్రవారం కాస్త మేలన్నాను, మరీ ఎక్కువ మేలు కాదని కూడా అన్నాను. మూడో శుక్రవారం హాలు ముందు వేన్ ఆపి, వేన్ నడిపే అన్న అందరినీ దింపి నన్ను ఉండమన్నాడు. స్టీరింగు మీద చేతులు పెట్టుకుని ముందుకే చూస్తూ అడిగాడు.

"అన్నా, నా ప్రార్థనల ఏమన్న తక్వ ఉన్నదా?"

"అదేంటండి?"

"నీ కాళ్ళ కోసమని మూడు వారాల సంది శుక్రారం శుక్రారం ఉపాసం ఉంటున్న. నాకు చాతనైంది గంతే. తక్వ ఉంటే చెప్పు, ఇంకో రోజు గూడ ఉంట."

ఆ ఎండలో, మంచినీళ్ళు కూడా తాగకుండా, ఊరంతా తిరిగి జనాన్ని ఎక్కించుకుని, నన్ను ముందు సీట్లో కాళ్ళు చాపించి కూర్చోబెట్టాడు ఈ మనిషి. నాకు చచ్చేంత సిగ్గేసింది. ఆయనకి ఏం చెప్పానో గుర్తు లేదు. లోపలికి వెళ్ళి, పాట అవ్వగానే, ఎవరూ పిలవకుండానే లేచి నిలబడ్డాను. కుర్చీ పట్టుకోలేదు.

"నాకు ఇప్పుడు మోకాళ్ళ నొప్పి ఏమీ లేదండి" అన్నాను.

ఎంత వెతికినా ఆ వాక్యంలో అబద్ధం లేదు. హాలు దద్దరిల్లిపోయింది. స్తోత్రాలు, చప్పట్లు. వేడి వర్గం వాళ్ళూ ఐసు వర్గం వాళ్ళూ ఒకరినొకరు కావలించుకున్నారు. వేన్ నడిపే అన్న నేల మీద తల ఆనించి ఏడ్చాడు. నర్సమ్మగారు అక్కడికక్కడే నన్ను పదిసార్లు కూర్చోబెట్టి లేపింది. నేను లేచిన ప్రతిసారీ జనం చప్పట్లు కొట్టారు. పిన్నిగారు కొంగుతో కళ్ళు తుడుచుకుంది కానీ చప్పట్లు కొట్టలేదు. ఆ సంగతి నేను అప్పుడు పట్టించుకోలేదు. నాకు మాత్రం అందరూ కలిసి నన్ను రైలెక్కిస్తున్నట్టు ఉంది.

అనుకున్నట్టే అయింది. ఆ పూటే ఒకాయన లేచి తన హెర్నియా సంగతి చెప్పాడు. హాలు మొత్తం అటు తిరిగింది. వెళ్ళేటప్పుడు ముందు సీటు ఆయనది. నేను వెనక ఎవరి ఒళ్ళోనో కూర్చున్నాను. మర్నాడు పొద్దున గులాబీలు వచ్చాయి, జలపాతాలు వచ్చాయి, కింద హెర్నియా ప్రస్తావన ఉంది. నేనూ ఒక ఆమెన్ రాశాను. దానికెవరూ జవాబు రాయలేదు, ఆమెన్‌కి జవాబేముంటుంది. పట్టీ విప్పేసి, రెండు కాళ్ళ మీదా సమంగా నిలబడి గుడ్ మార్నింగులు చెప్పాను. మేడమ్ రెండు బుడిపెలతో లిఫ్టెక్కింది. భుజం నొప్పి ఎలా ఉంటుందోనని ఒకటి రెండుసార్లు తిప్పి చూసుకున్న మాట వాస్తవం. వేన్ నడిపే అన్న గుర్తొచ్చి ఆ ఆలోచన మానుకున్నాను.

మంగళవారం వచ్చింది. సర్వీసు మెట్ల మీద డబ్బా విప్పుకుని కూర్చున్నాను. ఫోను పక్కన పెట్టుకోకూడదనుకుని పెట్టుకున్నాను. ఎప్పుడూ మోగే వేళకి మోగలేదు. అదీ న్యాయమే. ఏమని చేస్తుంది? అన్నం తినేశాను. చాలా రోజుల తరవాత అన్నం మెత్తగా ఉంది. డబ్బా మూత పెడుతుండగా మోగింది.

"మోకాళ్ళు ఎలా ఉన్నాయి బాబూ?"

"తగ్గిపోయాయి కదండి పిన్నిగారూ. మొన్న మీ ముందే చెప్పాను కదా."

"చెప్పావు. విన్నాను."

అవతల గరిట మూకుడుకి తగులుతున్న చప్పుడు వినిపించింది.

"ఊరికే అడిగాన్లే బాబూ" అంది. "ఉంటాను మరి."

ఉంటాను అంది కానీ పెట్టెయ్యలేదు. నేనూ పెట్టెయ్యలేదు. అన్ని మంగళవారాలు ఆవిడ అడిగింది, నేను చెప్పాను. ఆ గరిట పట్టుకున్న మనిషికి మొగుడున్నాడో లేడో, పిల్లలెక్కడున్నారో, ఆ మహూజ్ ఇంట్లో ఆవిడతో ఎవరైనా మాట్లాడతారో లేదో నాకు తెలియదు. నా మోకాళ్ళు బాగైపోయి ఆవిడకీ ఫోను చెయ్యడానికి వంక లేకుండా పోయిందని అప్పుడు అర్థమైంది.

"మీరెలా ఉన్నారండి?" అన్నాను.

"నాకేం బాబూ. దేవుని కృప. బాగున్నాను."

"అది అందరికీ చెప్పే మాట కదండి. మీరెలా ఉన్నారు?"

గరిట చప్పుడు ఆగింది. ఆవిడ జవాబు కోసం ఆగాను. నా భోజనం వేళ అయిపోయింది, పైన బల్ల దగ్గర ఎవరూ లేరు. అయినా ఆగాను.

"ఉండు బాబూ" అంది. "పొయ్యి కట్టేసి వత్తాను."